శ్రోణితల వైకల్యము

కటిభాగపు ఎముకల నడుమ ఏర్పడిన శ్రోణికుహరమునకు అడుగున, ముందు జఘనాస్థి మొదలుకొని వెనుక అనుత్రికాస్థి వరకు పరచుకొని, మూత్రాశయమును, గర్భాశయమును, పురీషనాళమును క్రిందినుండి మోయుచు, మలమూత్రములను నిలుపవలసినపుడు నిలుపుచు, విడువవలసినపుడు విడుచుచు ఉండు కండరముల, బంధకముల, సంధాయక కణజాలముల సముదాయమునకు శ్రోణితలమని పేరు. ఈ సముదాయము తన పనిని సరిగా నిర్వహింపజాలని స్థితియే శ్రోణితల వైకల్యము. దగ్గినను తుమ్మినను మూత్రము పడుట, లోకవ్యవహారమున గర్భసంచి జారుట యని చెప్పుకొను గర్భాశయ భ్రంశము, అపానవాయువునుగాని మలమునుగాని ఆపుకొనలేకపోవుట, ఎంత ముక్కినను విరేచనము కాకపోవుట, దాంపత్యమున నొప్పి, పొత్తికడుపు క్రింద నెలల తరబడి వీడని బాధ - పైకి ఒకదానితో నొకటికి పొత్తు లేనట్లు తోచు ఈ లక్షణములన్నియు ఈ యొక్క స్థానమునుండియే పుట్టవచ్చును. అమెరికా సంయుక్త రాష్ట్రములలో 2008వ సంవత్సరమున వెలువడిన ఒక జాతీయ పరిశీలనలో, 20 ఏండ్లు దాటిన, గర్భవతులు కాని స్త్రీలలో నూటికి ఇంచుమించు 24 మందికి మూత్రస్రావము, మలస్రావము, అవయవ భ్రంశము అను మూడింటిలో ఏదో యొకటి యున్నట్లు తేలినది. వయసు మీరినకొలది ఈ సంఖ్య పెరుగును. వైద్యునితో నోరువిప్పి చెప్పుకొనువారి సంఖ్య మాత్రము అందులో కొద్దిపాటిదే.

శ్రోణితలమున ముఖ్యమైనది గుదోత్థాపక కండరము. ఒకే కండరముగా వ్యవహరింపబడుచున్నను ఇది పలుపాయల కూర్పు. వానిలో నొకటి జఘనాస్థి వెనుకనుండి బయలుదేరి, పురీషనాళపు చివరిభాగమును వెనుకగా చుట్టి, మరల జఘనాస్థినే చేరును. ఈ పాయ ఆ నాళమును ముందునకు లాగి ఇంచుమించు లంబకోణముగా వంచియుంచును; మలము మన యిచ్ఛ లేక జారకుండుటకు గుదద్వారపు సంవరణి కండరములతోపాటు ఈ వంపు ప్రధానాధారము. విసర్జన సమయమున ఇదే పాయ సడలినగాని మార్గము తిన్నన కాదు. చేతి కాలి కండరములు పని లేనపుడు విశ్రమించును. ఈ కండరములు మాత్రము నిద్రలోను కొంత బిగువుతో మేలుకొనియే యుండును. వీనిని, సంవరణి కండరములను నడుపు నాడులు వెన్నుపాము చివరనున్న రెండవ, మూడవ, నాలుగవ త్రికనాడులనుండి వచ్చుచున్నవి. కండరము బలముగా నున్నంతకాలము పైనున్న బంధకములపై పెద్దగా భారము పడదు. కండరము తెగినను సడలినను ఆ భారమంతయు బంధకములు మోయవలసివచ్చి, అవి ఏండ్ల తరబడి సాగి సాగి తుదకు ఓడిపోవును. గర్భాశయము, యోనిగోడలు ఏ బంధకముల యూతతో ఏ యే మట్టములలో నిలిచియున్నవో 1992లో అమెరికా వైద్యుడు జాన్ డిలాన్సీ విశదపరచిన పిమ్మట, ఏ లోపమునకు ఏ శస్త్రచికిత్స తగునను ఆలోచనకు ఒక క్రమము కుదిరినది.

ఈ వైకల్యము రెండు విధములని మొదటనే గ్రహింపవలయును. ఒకటి శైథిల్యము: కండరము బలహీనమై, లేక తెగి, పట్టు తప్పుట. రెండవది అతిబిగువు: కండరము సడలవలసినపుడు సడలక, ఎల్లవేళల బిగిసియుండుట. మొదటిదానివలన మూత్రస్రావము, అవయవ భ్రంశము కలుగును. రెండవదానివలన సంభోగమున నొప్పి, మూత్రము ధారగా రాక ఆగి ఆగి వచ్చుట, మలబద్ధకము, కూర్చున్నపుడు గుదప్రాంతమున బరువు, నొప్పి కలుగును. అతిబిగువుగల కండరము బలమైన కండరమని భ్రమపడరాదు. పగలంతయు బిగించిన పిడికిలి క్రొత్తగా దేనిని పట్టగలదు? కావున బిగిసిన కండరముగల వారిలో సైతము మూత్రము జారుట కద్దు. పత్రికలలో వచ్చు ఆరోగ్య సలహాలు శ్రోణితలమన్నంతనే బిగింపు వ్యాయామము చేయుడని అందరికి నొకే మందు చెప్పుచుండుట వలన, సడలింపు నేర్వవలసిన రోగి మరింత బిగించుకొని బాధ పెంచుకొనుచున్నది. ఈ శాస్త్రమున ఇంతకంటె సులభముగా జరుగు పొరపాటు, ఇంతకంటె సులభముగా తప్పింపదగిన పొరపాటు వేరొకటి లేదు.

శైథిల్యమునకు హేతువులలో ప్రథమ గణ్యమైనది యోనిమార్గమున జరుగు ప్రసవము. శిశువు శిరస్సు వెలువడునపుడు గుదోత్థాపక కండరపు లోపాయ తన సహజమైన పొడవునకు మూడు రెట్లకు పైగా సాగవలసివచ్చునని గణనలవలన తెలిసినది. ఇతర కండరములు ఇంతలో సగము సాగుటకైనను ఓర్వక చినిగిపోవును. గర్భధారణ కాలమున కలుగు మార్పులవలననే ఇది పెక్కుమందిలో నిలుచుచున్నది. అయినను కొందరిలో కండరము ఎముకనుండి ఊడిపోవుటయు, గుదద్వారపు సంవరణి చినుగుటయు సంభవించును. పట్టుకారులతో శిశువును లాగిన కాన్పులు, గంటల తరబడి సాగిన నొప్పులు, అధికమైన బరువుగల శిశువు ఈ ప్రమాదమును హెచ్చించును. శస్త్రచికిత్సతో కాన్పైనవారికి ఈ బాధ తక్కువయే కాని, గర్భభారమే కొంత హేతువగుటచే బొత్తిగా లేకపోలేదు. ఇందుకొరకే శస్త్రచికిత్స కాన్పును కోరుకొనుట వివేకము కాదు. స్థూలకాయము, ఉబ్బసము మొదలైన వ్యాధులలోని ఎడతెగని దగ్గు, నిత్యము ముక్కవలసివచ్చు మలబద్ధకము, బరువులెత్తు వృత్తులు, ముట్లుడిగిన పిమ్మట ఈస్ట్రోజన్ తగ్గుట - ఇవి తరువాతి హేతువులు. పుట్టుకతోనే సంధాయక కణజాలము మెత్తనివారిలో బిడ్డలు కలుగకముందే గర్భాశయము జారుటయు కలదు.

కాన్పైన కొలది దినములకే బరువు పనులకు దిగుట ఎంతటి చేటు తెచ్చునో అందుకు నేపాళ దేశము నిదర్శనము. అచ్చటి కొండ పల్లెలలో చిన్నవయసు కాన్పులు, విశ్రాంతి లేమి, వీపుపై మోత కలిసి గర్భాశయ భ్రంశమును ఇంటింటి వ్యాధిగా చేయగా, 2008లో ఆ దేశపు సర్వోన్నత న్యాయస్థానము దీనిని స్త్రీల ప్రజనన ఆరోగ్యహక్కునకు భంగముగా పరిగణించి, ప్రభుత్వము తగు చర్య తీసికొనవలెనని ఆదేశించినది. తెలుగునాట పచ్చి బాలింతకు విధించు విశ్రాంతి ఈ దృష్టితో చూడగా మంచి ఆచారమే. నడుమునకు బట్ట బిగించి కట్టుట వలన మాత్రము శ్రోణితలమునకు బలము చేకూరదు. కూలికి పోవు తల్లికి ఆ విశ్రాంతి ఎన్నడును దక్కలేదన్నది వేరు సంగతి.

తెలుగు రాష్ట్రములకు ప్రత్యేకముగా సంబంధించిన విషయమొకటి ఇచట చెప్పవలసియున్నది. 2015-16 నాటి నాల్గవ జాతీయ కుటుంబారోగ్య సర్వేలో, 15 మొదలు 49 ఏండ్ల స్త్రీలలో గర్భసంచి తీయించుకొన్నవారు దేశము మొత్తముమీద నూటికి సుమారు 3 మంది కాగా, ఆంధ్రప్రదేశమున సుమారు 9 మంది, తెలంగాణమున సుమారు 8 మంది యని తేలినది. తెల్లబట్టకును, కడుపునొప్పికిని, అధిక రక్తస్రావమునకును మొదటి చికిత్సగా గర్భసంచి తీసివేయుట ఈ ప్రాంతమున ఇంత వ్యాపించుటకు వైద్యవాణిజ్యము, పనిదినములు పోగొట్టుకొనలేని పేదరికము, ఇక బిడ్డలు అక్కరలేదుగదా యను తలంపు కారణములు. గర్భాశయము శ్రోణితలమును మోయునది కాదు, శ్రోణితలముచే మోయబడునది. దానిని తీసినంత మాత్రమున సడలిన తలము బిగువెక్కదు. తీసిన పిమ్మట బంధకములను యోనిశిఖరమునకు జాగ్రత్తగా కుట్టనిచో, కొన్నేండ్లకు ఆ శిఖరమే క్రిందికి దిగివచ్చును.

ఈ వ్యాధి పురాతనమైనదే. జారిన గర్భాశయమును స్వస్థానమునకు చేర్చుటకు ప్రాచీన గ్రీకు వైద్యులు రోగిణిని నిచ్చెనకు తలక్రిందులుగా కట్టి కుదిపెడివారు. దానిమ్మకాయను లోన నిలిపెడివారు. క్రీస్తుశకము రెండవ శతాబ్దమున రోమునగరమున వైద్యము చేసిన సొరానుసు ఈ కుదుపు పద్ధతిని నిరసించెను. మన సుశ్రుతసంహిత ఉత్తరతంత్రమున ఇరువది యోనివ్యాపత్తులను చెప్పుచు, స్థానభ్రంశము నొందునదానికి ప్రస్రంసినియని పేరిడి, నేయి పూసి, పాలతో స్వేదనము చేసి, లోనికి చేర్చి, వేసవారమను మాంసపు ముద్దతో మూసి కట్టు కట్టవలెనని విధించినది. పాలు, మాంసము ప్రక్కకు పెట్టినచో, మెత్తబరచుట, లోనికి నెట్టుట, అడ్డు నిలుపుట అను ఈ క్రమమే గర్భాశయమును నిలుపు ఉంగరముతో చేయు నేటి పెస్సరీ చికిత్సకును మూలసూత్రము. హఠయోగ గ్రంథములలోని మూలబంధము, ఘేరండసంహిత చెప్పిన అశ్వినీముద్ర ఈ కండరములనే ఉద్దేశపూర్వకముగా బిగించుటయు సడలించుటయు నేర్పుచున్నవి; ఐతే వాని లక్ష్యము రోగనివారణము కాక యోగసాధన మగుటచే, అవి ప్రసూతి వైద్యమున ఉపయోగమునకు వచ్చినట్లు చెప్పుట అతిశయోక్తి యగును. 1936లో ఇంగ్లండునందు నర్తకి మార్గరెట్ మోరిస్ బాలింతలకు ఇట్టి వ్యాయామములను బోధించినది. 1948లో లాస్ ఏంజెలెస్ నగర వైద్యుడు ఆర్నాల్డ్ కీగల్ వీనిని శాస్త్రపద్ధతిలో ప్రకటించుటతో ఆయన పేరే వ్యాయామమునకు స్థిరపడినది. కీగల్ కేవలము బిగించుడని చెప్పి విడిచిపెట్టలేదు. వ్రేలితో పరీక్షించి సరియైన కండరమును గుర్తింపజేసి, బిగింపు ఎంత బలముగా నున్నదో రోగియే చూచుకొనుటకు పెరినియోమీటరను సాధనమును కల్పించి, దినమునకు మూడు పర్యాయములు సాధన చేయించెను. తరువాతివారు సాధనమును, పరీక్షను వదలి పేరును మాత్రము నిలుపుకొనిరి.

పరీక్ష యనగా భయపడవలసినది లేదు. ఎన్ని కాన్పులు, ఏ విధమైనవి, మూత్రము ఏ సందర్భమున జారును, మలవిసర్జనము ఎట్లుండును అను ప్రశ్నలతోనే సగము నిర్ణయము జరుగును. మూడు దినములపాటు త్రాగిన నీరు, పోసిన మూత్రము, జారిన వేళలు వ్రాసికొన్న చిట్టా ఖరీదైన యంత్రపరీక్షలకంటె పెక్కుసార్లు మేలు. మూత్రములో చీము లేదని పరీక్షించి, నిండిన మూత్రాశయముతో దగ్గించి చూచి, వ్రేలితో కండరపు బలమును సున్న మొదలు 5 వరకు గణించి, నొప్పి పుట్టు బిగువు కణుపులున్నవేమో తడిమి చూచెదరు. బిగించుమన్నపుడు బిగువును చూచువారు, సడలించుమన్నపుడు సడలుచున్నదా యని కూడ చూడవలయును. భ్రంశము ఎంతవరకు దిగినదో కొలుచుటకు 1996లో అంతర్జాతీయముగా అంగీకరించిన కొలమానము సున్న మొదలు 4 వరకు దశలను నిర్ణయించినది. మొదటి దశలోనున్నవారు పెక్కుమందికి ఏ బాధయు తెలియదు. బాధ లేనిదానికి చికిత్సయు అక్కరలేదు.

మూత్రస్రావము ముఖ్యముగా రెండు రకములు. దగ్గు, తుమ్ము, నవ్వు, బరువెత్తుట - కడుపులో ఒత్తిడి పెరిగినంతనే జారునది మొదటిది. మూత్రము వచ్చునన్న తొందర పుట్టిన మరుక్షణముననే, మరుగుదొడ్డి చేరులోపలనే జారునది రెండవది. రెండును కలిసియుండుటయు సామాన్యమే. మొదటిదానికి శ్రోణితల వ్యాయామము ప్రథమ చికిత్స; రెండవదానికి మూత్రాశయమునకు శిక్షణ ఇచ్చుట దానితో చేరును.

వ్యాయామమున మొదటి మెట్టు కండరమును గుర్తించుట. వెల్లకిల పరుండి మోకాళ్లు ముడిచి, అపానవాయువును, మూత్రమును ఏకకాలమున ఆపుచున్నట్లు లోనికి, పైకి లాగవలయును. పిరుదులు బిగియరాదు, తొడలు దగ్గరకు రారాదు, ఊపిరి బిగపట్టరాదు, ముఖ్యముగా, ముక్కరాదు. మాటతో చెప్పి విడిచినచో మూడింట ఒక వంతునకు పైగా స్త్రీలు మొదటిసారి సరిగా బిగింపలేరనియు, కొందరు పైకి లాగుటకు బదులు క్రిందికి నెట్టి హాని చేసికొందురనియు పరిశోధనలు చూపినవి. అందుచే నేర్పువారి పరీక్ష యొకసారియైనను అవసరము. మూత్రము పోయుచు మధ్యలో ఆపుటను వ్యాయామముగా చేయరాదు; అది మూత్రాశయము పూర్తిగా ఖాళీ కాకుండ చేయును. సాధన క్రమము కఠినమైనది కాదు: ఆరు మొదలు పది సెకనుల వరకు నిలిపి, అంతకాలమే పూర్తిగా సడలించి, ఒక దఫాకు కనీసము 8 పర్యాయములు, దినమునకు 3 దఫాలు, కనీసము 3 నెలలు. బ్రిటనులోని ఆరోగ్య మార్గదర్శక సంస్థ మూత్రస్రావమునకు విధించినది ఈ పర్యాయముల, దఫాల, నెలల కొలతయే. వారమునకే ఫలము కనరాలేదని మానివేయువారు ఎక్కువ. కండరము పెరుగుటకు నెలలు పట్టునని వారికి ముందుగా చెప్పువారు తక్కువ. దగ్గు వచ్చుటకు ముందు ఒక్క క్షణము కండరమును బిగించి యుంచుట అలవాటైనచో, కండరము ఇంకను బలపడకముందే స్రావము తగ్గును. నార్వే దేశపు ఫిజియోథెరపిస్టు కారీ బో బృందము 1999లో ప్రకటించిన పరిశోధనలో, శిక్షకులతో చేసిన ఈ వ్యాయామమునకు విద్యుత్ప్రేరణగాని యోనిలో నిలుపు బరువులుగాని సాటిరాలేదు. 2014లో వెలువడిన మరియొక పరిశోధన అవయవ భ్రంశమున కూడ ఈ సాధన బాధను తగ్గించునని తెల్పినది. ఐతే బాగుగా జారిన గర్భాశయమును ఏ వ్యాయామమును పైకెత్తజాలదు.

అతిబిగువుగల వారికి మార్గము దీనికి విపరీతము. కడుపు నిండునట్లు మెల్లగా ఊపిరి పీల్చినపుడు ఉదరవితానముతోపాటు శ్రోణితలమును క్రిందికి దిగును. దిగుటను గమనించుచు, దానిని అడ్డక విడుచుట ఈ చికిత్సకు ప్రాణము. గోరువెచ్చని నీటిలో కూర్చుండుట, తొడల, తుంటి కండరములను సాగదీయుట, శిక్షితురాలైన ఫిజియోథెరపిస్టు వ్రేలితో బిగువు కణుపులను సడలించుట, క్రమముగా పెద్దవగు గొట్టములతో యోనిద్వారమునకు అలవాటు చేయుట ఇందులోని అంగములు. నవదంపతులలో యోనిద్వారము ఇచ్ఛ లేకయే బిగుసుకొనుటను వధువు మొండితనముగా భావించి పెద్దలతో పంచాయతీ పెట్టు కుటుంబములు నేటికిని కలవు. అది మొండితనము కాదు, చికిత్సకు లొంగు వ్యాధి. పురుషులలోను సూక్ష్మజీవులు లేకయే వచ్చు దీర్ఘకాలిక కటినొప్పికి పౌరుషగ్రంథి వాపని పేరు పెట్టి, నెలల తరబడి యాంటీబయాటిక్కులిచ్చుట పరిపాటి. అట్టివారు పెక్కుమందిలో శ్రోణితల కండరముల బిగువు కానవచ్చును. పౌరుషగ్రంథిని క్యాన్సరుకై తీసివేసిన పిదప మూత్రము జారు పురుషులకు మాత్రము బిగింపు వ్యాయామమే విధింపబడును.

మలబద్ధకముతో బాధపడువారిలో కొందరు ముక్కునపుడు సడలింపవలసిన కండరమును తెలియకయే బిగించుచుందురు. వీరికి విరేచనకారి మందులు పూర్తిగా పనిచేయవు. కండరపు కదలికను తెరపై చూపి సడలింపు నేర్పు బయోఫీడ్‌బ్యాక్ ఉత్తమ చికిత్స. గొంతుకూర్చున్నపుడు పురీషనాళపు వంపు తిన్ననగును గనుక నాటు మరుగుదొడ్డి ఈ విషయమున మేలైనది. మోకాళ్ల నొప్పులచే కమోడునకు మారినవారు పాదముల క్రింద చిన్న పీట వేసికొన్నచో కొంతవరకు ఆ ప్రయోజనమును పొందవచ్చును. ఇక మూత్రాశయ శిక్షణ విషయమున, ఆతురతతో మూత్రము జారువారు మూత్రవిసర్జనల నడుమ వ్యవధిని పావుగంట చొప్పున పెంచుకొనుచు రెండు మూడు గంటల వరకు చేర్చవలయును. కాఫీ, టీలు తగ్గించుట మంచిది. నీరు మానుట మంచిది కాదు, ఏలయన చిక్కబడిన మూత్రము మూత్రాశయమును మరింత రేపును. బస్సు ప్రయాణములలోను, పొలము పనులలోను మరుగు దొరకదని దాహమును చంపుకొను స్త్రీలకు ఈ సలహా ఇచ్చుట సులభమే. మరుగుదొడ్డి కట్టించుట కూడ చికిత్సలో భాగమని పాలకులు గుర్తింపవలయును. స్థూలకాయులైన స్త్రీలపై 2009లో ప్రకటింపబడిన ఒక పరిశోధనలో, శరీర భారమున నూటికి 8 వంతులు తగ్గినవారికి వారమునకు కలుగు స్రావములు ఇంచుమించు సగము తగ్గినవి.

ఇంతటితో తీరనివారికి ఇతర సాధనములు గలవు. సిలికానుతో చేసిన ఉంగరమువంటి పెస్సరీ గర్భాశయమును పైన నిలిపియుంచును. శస్త్రచికిత్స వలదనువారికి, శరీర స్థితి అందుకు చాలనివారికి, ఇంకను బిడ్డలు కావలెననువారికి ఇది ఉపయుక్తము. దానిని నియతముగా తీసి కడిగి మార్చవలయును. మరచి యేండ్ల తరబడి విడిచినచో పుండ్లు పడును. ఆతుర మూత్రస్రావమునకు సోలిఫెనాసిన్, మిరాబెగ్రాన్ వంటి మందులు, మూత్రాశయపు గోడలో బొటాక్స్ సూదులు, త్రికనాడులకు విద్యుత్ప్రేరణ వాడుకలో నున్నవి. ముట్లుడిగినవారికి యోనిలో రాయు ఈస్ట్రోజన్ లేపనము మేలు చేయును.

శస్త్రచికిత్సలో భారతీయుల పాత్ర స్మరింపదగినది. పిన్నవయసున, బిడ్డలు కలుగకముందే గర్భాశయము జారిన స్త్రీలు మన దేశమున ఎక్కువగా కానవచ్చుటచే, గర్భాశయమును తీయక పట్టీతో పైకి కట్టి నిలుపు పద్ధతులను బొంబాయి వైద్యులు వి. ఎన్. శిరోద్కర్, పురందరే మొదలగువారు రూపొందించిరి. దగ్గినపుడు జారు మూత్రమునకు 1996లో స్వీడను వైద్యుడు ఉల్ఫ్ ఉల్మ్‌స్టెన్ ప్రవేశపెట్టిన సన్నని పట్టీ ప్రపంచమంతట వ్యాపించినది. ఆ విజయము చూచి, భ్రంశమునకు యోనిమార్గమున వెడల్పైన ప్లాస్టిక్ వలలను కుట్టు పద్ధతి తగిన పరిశీలన లేకయే వచ్చిపడినది. వల గోడలను చీల్చుకొని బయటపడుట, తీరని నొప్పి మొదలైన ఉపద్రవములు పెరుగగా, అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ 2019 ఏప్రిలులో అట్టి వలల విక్రయమును నిలిపివేయించినది. బ్రిటను 2018లోనే మూత్రస్రావమునకు వాడు పట్టీలను కూడ నిలిపి పునఃపరిశీలనకు పూనుకొన్నది. కావున శస్త్రచికిత్సకు ఒప్పుకొనుటకు ముందు, లోన ఏమైనను శాశ్వతముగా అమర్చుదురా, అది ఏమి, వికటించినచో తీయుట సాధ్యమా యని రోగి అడుగవలయును. అడుగుట ఆమె హక్కు.

ఈ వైకల్యము ప్రాణాంతకము కాదు. చికిత్స తొందరలేక నిదానముగా సాగింపదగినదే. ఐనను కొన్ని సందర్భములలో నిదానము తగదు. మూత్రములో రక్తము కనిపించినను, ముట్లుడిగిన తరువాత యోనినుండి రక్తస్రావమైనను, జారిన గర్భాశయము లోనికి పోక మూత్రము బిగిసినను జాగుచేయక వైద్యునికి చూపవలయును. నడుమునొప్పితో కాళ్లు తిమ్మిరెక్కి, మర్మస్థానము చుట్టును స్పర్శ తెలియక, హఠాత్తుగా మలమూత్రముల అదుపు తప్పినచో అది వెన్నెముక అడుగున నాడులు నలిగిన సూచన కావచ్చును. అట్టివారిని ఆ గంటలోనే ఆసుపత్రికి చేర్పవలయును.